వెన్నెల గాయించిన ఛాయాగ్రాహకుడు: శ్రీ మార్కస్ బార్ట్లే

మన నిజాంపేటలో మాయాబజారు చిత్రమును జూడని యిల్లు అరుదని తలంతుము. ఘటోత్కచ పాత్రధారియగు శ్రీ యస్.వి. రంగారావుగారి పేరు పసివారును చెప్పగలరు. ఆ చిత్రమున వెన్నెల గాయించినవారి పేరడిగినచో పెద్దలును తడుముకొందురు. వారే శ్రీ మార్కస్ బార్ట్లేగారు.

వీరు 1917 వ సంవత్సరమున ఆంగ్లో-ఇండియను కుటుంబమున జన్మించిరి. యౌవనారంభమున పత్రికలకు ఛాయాచిత్రములు దీసి, తుదకు మదరాసు చేరి, 1945 లో శ్రీ బి.యన్. రెడ్డిగారి స్వర్గసీమకు ఛాయాగ్రాహకులైరి. పిమ్మట విజయా సంస్థవారి పాతాళభైరవి (1951), మిస్సమ్మ (1955), గుండమ్మ కథ (1962) మున్నగునవి వీరి చేతిమీదుగ వెలువడెను.

అన్నిటిలో మిన్న 1957 లో శ్రీ కె.వి. రెడ్డిగారి దర్శకత్వమున వచ్చిన మాయాబజారు. అందలి నౌకావిహారమును దలచుకొనుడు. నీటిపై తళుకులు, శశిరేఖ మోముపై చల్లని వెలుగు. చూచువారి కది పున్నమిరేయి. నిజమునకు ఆనాటి ఫిలిముపై చంద్రుని వెన్నెల పడనే పడదు. దీపములతోడనే దానిని కల్పింపవలెను. వెలుగు హెచ్చిన పగలగును. తగ్గిన మొగములు గానరావు. పైగా తెరపై నున్నవి నలుపు తెలుపులే. ఆ రెంటి నడుమనుండు బూడిదవన్నెలలోనే చందమామ చల్లదనమును జూపవలెను. చూపిరి.

ఆ చిత్రము తెలుగునను తమిళమునను ఏకకాలమున తీయబడెను. తెలుగున అభిమన్యుడు శ్రీ అక్కినేని నాగేశ్వరరావుగారు. తమిళమున శ్రీ జెమినీ గణేశన్‌గారు. కావున ఒకమారు పట్టిన వెన్నెలనే మరల పట్టవలసి వచ్చెను. పాఠము రెండుమార్లు వ్రాయుమన్న సణుగుకొను మన బాలురు దీని నొకింత గమనింతురు గాక!

లడ్డూలు తామై యెగిరి ఘటోత్కచుని నోటబడుట, కంబళి దానంతటదే చుట్టుకొనుట, ఇవన్నియు కంప్యూటరు లేని దినములలోని పనులు. ద్వారకానగరమో, మాధవపెద్ది గోఖలే, కళాధర్‌గార్లు పేర్చిన బొమ్మరిండ్ల కూర్పు. కెమెరా నెచ్చట నిలుపవలెనో, దీప మేవైపున నుంచవలెనో యెరిగినవారి చేతిలో ఆ బొమ్మరిండ్లు మహాసౌధములైనవి.

వీరి విద్య స్టూడియో గోడల నడుమనే చెల్లునని యెవరైన ననుకొన్నచో, 1965 నాటి మలయాళ చిత్రము చెమ్మీన్ చూడవలెను. శ్రీ రామూ కరియాత్‌గారి యా చిత్రమున కేరళతీరపు నిజమైన సముద్రమును రంగులతో పట్టి చూపిరి. రాష్ట్రపతి స్వర్ణపతకమును దక్షిణదేశమునకు మొట్టమొదట తెచ్చిన చిత్ర మదియే. 1969 నాటి శాంతి నిలయమను తమిళ చిత్రమునకు ఛాయాగ్రహణమున జాతీయ పురస్కారము వీరికి లభించెను. 1993 లో స్వర్గస్థులైరి.

2010 లో మన హైదరాబాదునందలి గోల్డ్‌స్టోన్ సంస్థవారు కంప్యూటరు సాయమున మాయాబజారునకు రంగులద్ది విడుదల చేసిరి. మేము రెండింటిని జూచితిమి. రంగులు కన్నుల కింపుగనే యున్నవి. నౌకావిహారమునకు మాత్రము పాత ప్రతినే మరల పెట్టించుకొని చూచితిమి.