మార్లవాయి మిత్రుడు – హైమన్‌డార్ఫ్

ఒక జాతి చరిత్ర శిలాశాసనాలలో నిలిచి ఉండవచ్చు. తామ్రపత్రాలలోనో, తాళపత్రాలలోనో భద్రమై ఉండవచ్చు. ఆదిలాబాద్ అడవులలో నివసించే రాజ్‌గోండుల చరిత్ర మాత్రం ప్రధానంగా మనుషుల నాలుకలపై నిలిచింది. దానిని మోసినవారు ప్రధాన్లు. వీరు గోండుల వంశగాయకులు. కిక్రి అనే తంత్రీవాద్యాన్ని వాయిస్తూ, తమను పోషించే గోండు వంశాల పుట్టుపూర్వోత్తరాలను, దేవతల కథలను, వీరుల సాహసాలను గానం చేయడం వీరి కులవృత్తి. తండ్రి నోట విన్న గాథను కుమారుడు కంఠస్థం చేసి తరువాతి తరానికి అందించేవాడు. ఆ గాథలను శ్రద్ధగా విని గ్రంథస్థం చేయడమే కాక, అవి పుట్టిన నేలను గోండులకు దక్కించడానికి కూడా శ్రమించిన విదేశీ పండితుడు క్రిస్టఫ్ వాన్ ఫ్యూరర్ హైమన్‌డార్ఫ్.

హైమన్‌డార్ఫ్ 1909వ సంవత్సరంలో ఆస్ట్రియా రాజధాని వియన్నాలో ఒక కులీన కుటుంబంలో జన్మించాడు. వియన్నా విశ్వవిద్యాలయంలో మానవశాస్త్రం అభ్యసించి డాక్టరేటు పట్టం పొందాడు. అనంతరం లండన్ చేరి, సుప్రసిద్ధ మానవశాస్త్రవేత్త మలినోవ్‌స్కీ వద్ద పరిశోధనా పద్ధతులను నేర్చుకున్నాడు. ఒక సమాజాన్ని అర్థం చేసుకోవాలంటే ఆ ప్రజల మధ్య నివసించాలి, వారి భాషలో మాట్లాడాలి అన్న సూత్రం ఆయన జీవితానికి మార్గదర్శకమైంది. 1936లో ఈశాన్య భారతంలోని నాగా కొండలకు వచ్చి కొన్యాక్ నాగాల మధ్య నివసించాడు. 1938లో ఆంగ్ల వనిత బెట్టీ బర్నార్డోను వివాహమాడాడు. అప్పటి నుండి ఆమె ఆయన పరిశోధనలన్నింటిలో సహచరిగా నిలిచింది.

1939లో ఈ దంపతులు మళ్లీ భారతదేశానికి వచ్చారు. అంతలో రెండవ ప్రపంచయుద్ధం ఆరంభమైంది. ఆస్ట్రియాను జర్మనీ అప్పటికే ఆక్రమించినందున హైమన్‌డార్ఫ్ జర్మన్ పౌరుడిగా పరిగణింపబడ్డాడు. బ్రిటిష్ ప్రభుత్వం దృష్టిలో ఆయన శత్రుదేశీయుడు. హైదరాబాదు సంస్థానం దాటి వెళ్లరాదన్న ఆంక్ష ఆయనపై విధించబడింది. మరొకరికైతే అది నిర్బంధంగానే మిగిలేది. ఆయన దానిని అధ్యయనానికి అవకాశంగా మలచుకున్నాడు. నల్లమల అడవులలోని చెంచులను, గోదావరి తీరాన కొండలలోని కొండరెడ్లను పరిశీలించి వారి జీవితాలపై గ్రంథాలు రచించాడు.

ఆ కాలంలోనే ఆదిలాబాద్ జిల్లా అట్టుడికింది. తరతరాలుగా సాగుచేసుకుంటున్న పోడు భూములు అటవీశాఖ హద్దులలో చేరిపోయాయి. సారవంతమైన పొలాలు వలస వచ్చిన వారి వశమయ్యాయి. ఆ అన్యాయంపై తిరగబడిన కొమురం భీం 1940లో జోడేఘాట్ వద్ద నిజాం పోలీసుల కాల్పులలో నేలకొరిగాడు. ఈ సంఘటన ప్రభుత్వాన్ని ఆలోచనలో పడవేసింది. గోండుల అశాంతికి మూలకారణాలను తెలుసుకొనే పని హైమన్‌డార్ఫ్‌కు అప్పగించబడింది.

హైమన్‌డార్ఫ్ దంపతులు మార్లవాయి అనే గోండు గ్రామంలో గుడిసె వేసుకొని నివసించారు. ఆయన గోండీ భాష నేర్చుకున్నాడు. పండుగలకు, పెళ్లిళ్లకు, అంత్యక్రియలకు హాజరయ్యాడు. పెర్సాపేన్ పూజలలో ప్రధాన్లు చేసే గానాన్ని ఆలకించాడు. గుహలో బంధింపబడిన గోండుల ఆదిపురుషులను పహాండి కుపార్ లింగో విడిపించిన వృత్తాంతం, వారు నాలుగు, ఐదు, ఆరు, ఏడు దేవతల శాఖలుగా ఏర్పడిన క్రమం, వంశదేవతల యాత్రలు ఆ గాథలలో ఉన్నాయి. ఎవరు ఎవరికి సోదరులో, ఎవరు ఎవరితో వియ్యమందవచ్చునో, ఏ వంశం ఎక్కడ పూజ చేయాలో నిర్ణయించేవి కూడా అవే. వినోదం కోసం చెప్పే కథలుగా కనిపించే ఈ గాథలు నిజానికి గోండు సమాజానికి ధర్మశాస్త్రమని ఆయన గ్రహించాడు. 1948లో వెలువడిన ఆయన గ్రంథం ఈ గాథలను, వాటితో ముడిపడిన పూజావిధులను సవివరంగా లోకానికి పరిచయం చేసింది.

ఈ అధ్యయనంలో ఆయనకు మరొక సత్యం బోధపడింది. ప్రధాన్ గానానికి ప్రతిఫలం గోండు రైతు ఇచ్చే ధాన్యం, వస్త్రం, పశువు. రైతు భూమి కోల్పోతే గాయకునికి ఆధారం పోతుంది. గాయకుడు బ్రతుకుతెరువు వెతుక్కుంటూ వెళ్లిపోతే గాథ మూగబోతుంది. కాబట్టి కథను కాపాడాలంటే ముందు భూమిని కాపాడాలి. గోండులపై తుపాకులు ఎక్కుపెట్టిన ప్రభుత్వంలోనే ఆయన సలహాదారు పదవిని స్వీకరించాడు. ఆ పదవిని గోండుల పక్షాన వినియోగించాడు. ఆయన కృషి ఫలితంగా వేలాది గిరిజన కుటుంబాలకు భూమి పట్టాలు లభించాయి. 1943లో మార్లవాయిలో గోండు ఉపాధ్యాయుల శిక్షణ కేంద్రం వెలసింది. దేవనాగరి లిపిలో గోండీ వాచకాలు తయారయ్యాయి. తల్లి ఒడిలో విన్న భాషను గోండు పిల్లలు బడిలో మొదటిసారి చదువుకున్నారు. కేస్లాపూర్‌లో మెస్రం వంశీయులు జరిపే నాగోబా జాతరలో అధికారులు గిరిజనుల వద్దకే వచ్చి మొర ఆలకించే దర్బారు కూడా ఆయన చొరవతోనే ఆరంభమైంది.

తరువాత ఆయన లండన్ విశ్వవిద్యాలయానికి చెందిన ప్రాచ్య, ఆఫ్రికన్ అధ్యయన సంస్థలో ఆచార్యుడయ్యాడు. నేపాల్‌లోని షెర్పాల జీవితాన్ని పరిశోధించాడు. 1976లో పదవీవిరమణ చేశాడు. ఆ దశాబ్దంలో తిరిగి ఆదిలాబాద్‌కు వచ్చిన ఆయనకు హృదయవిదారకమైన దృశ్యాలు ఎదురయ్యాయి. ఆనాడు పట్టాలు పొందిన గోండులలో అనేకులు అప్పులకు, మోసాలకు బలియై తమ పొలాలను పోగొట్టుకున్నారు. తన శ్రమలో ఎంతో భాగం చెదిరిపోయిందని ఆయన దాచలేదు. 1982లో ప్రచురించిన గ్రంథంలో ఆ భూముల అన్యాక్రాంతాన్ని నిర్మొహమాటంగా నమోదు చేశాడు.

1987లో బెట్టీ హైదరాబాదులో కన్నుమూసింది. ఆమెను మార్లవాయిలోనే సమాధి చేశారు. 1995లో హైమన్‌డార్ఫ్ లండన్‌లో మరణించాడు. 2012లో ఆయన చితాభస్మాన్ని మార్లవాయికి తెచ్చి భార్య సమాధి ప్రక్కనే నిక్షిప్తం చేశారు. యుద్ధకాలంలో శత్రువుగా ముద్రపడి సంస్థానానికి పరిమితమైన మనిషి, చివరకు ఆ సంస్థానపు అడవిపల్లెలో ఆత్మీయుడిగా విశ్రమించాడు.

పుస్తకంలో అచ్చయిన గాథకు కిక్రి నాదం ఉండదు, గాయకుని కంఠస్వరం ఉండదు, చుట్టూ కూర్చున్న వంశీయుల సమక్షం ఉండదు. అయినా కంఠం మూగబోయిన నాడు ఆ అక్షరమే ఆధారమవుతుంది. తరువాతి కాలంలో గుంజాల గ్రామంలో ప్రధాన్ల వ్రాతప్రతులు వెలుగులోకి వచ్చాయి. వాటిలోని గోండీ లిపికి 2018లో యూనికోడ్‌లో స్థానం లభించింది. దీంతో గోండుల వాఙ్మయానికి మరొక బాట ఏర్పడింది. ఒక జాతి తన కథను తానే చెప్పుకోవడానికి గొంతుతో పాటు కాళ్ల క్రింద నేల కూడా కావాలని హైమన్‌డార్ఫ్ జీవితం మనకు తెలియజేస్తున్నది.