ముద్దుపళని తరఫున నాగరత్నమ్మ వకాల్తా

నంది తిమ్మన గారి ‘పారిజాతాపహరణం’లో సత్యభామ అలిగి, కాళ్ళ మీద పడ్డ కృష్ణుడి తలని ఎడమ కాలితో తోసేసిన ఘట్టం మనలో చాలామందికి బళ్ళో చదువుకున్నప్పటినుంచీ తెలుసు. సత్యభామ అంటే మనకంత మురిపెం. ఆ అలకని పండితులు లొట్టలేసుకుంటూ వ్యాఖ్యానించారే గానీ, ఆ పుస్తకాన్ని తీసుకెళ్ళి అటకెక్కించమని ఎవరూ అనలేదు. దాదాపు అలాంటి అలకే రాధకి వచ్చి, ఆ రాధ కథని ఒక ఆడమనిషి రాస్తే మాత్రం చివరికి పోలీసులు రంగంలోకి దిగారు.

ఆ రాధ పక్షాన, ఆ కథ రాసిన ముద్దుపళని పక్షాన నిలబడ్డ మనిషి బెంగుళూరు నాగరత్నమ్మ. ఆవిడ పేరు చెప్పగానే తిరువయ్యారు, త్యాగరాజస్వామి సమాధి గుర్తొస్తాయి. ఒక కావ్యాన్ని చదివి, దాని గురించి నిర్భయంగా తన తీర్పు చెప్పిన విమర్శకురాలిగా ఆవిణ్ణి తలుచుకునేవాళ్ళు తక్కువ. నన్నడిగితే ఆవిడ చేసిన మొదటి పెద్ద పని అదే.

నాగరత్నమ్మ 1878 నవంబరు 3న మైసూరు దగ్గర నంజనగూడులో పుట్టారు. తల్లి పుట్టలక్ష్మమ్మ దేవదాసి కులంలోని మనిషి. తండ్రి లాయరు; తల్లీకూతుళ్ళని వదిలేశాడు. మైసూరులో గిరిభట్ట తిమ్మయ్య అనే సంస్కృత పండితుడి దగ్గర ఈ పిల్లకి సంస్కృతం, సంగీతం అబ్బాయి. కొన్నాళ్ళకి ఆ ఆసరా కూడా పోయింది. మేనమామ వెంకటస్వామప్ప వయొలిన్ విద్వాంసుడు. ఆయన అండన కన్నడం, తెలుగు, ఇంగ్లీషు నేర్చుకున్నారు. బెంగుళూరులో మునుస్వామప్ప గారి దగ్గర, త్యాగరాజ శిష్యపరంపరలో, పాట నేర్చారు. పదిహేనేళ్ళకే సభలో నిలబడగలిగారు. ఆ తరవాత మద్రాసు చేరి, కచేరీలతో పేరూ డబ్బూ రెండూ బాగానే గడించారు.

ఇలాంటి జీవితాలని చెప్పేటప్పుడు గజ్జెలూ గాత్రమూ చెప్పి వదిలేస్తాం. కానీ ఆ కులంలో చాలామంది ఆడవాళ్ళు చదువుకున్నవాళ్ళు. పెద్దింటి ఆడపిల్లకి అక్షరం చెప్తే అరిష్టం అనుకునే రోజుల్లో వాళ్ళు కావ్యాలు చదివారు, పదాలకి అర్థం విడమర్చి అభినయం పట్టారు. ఒక్కొక్క మాటలో నాయిక మనసు ఎటు తిరుగుతోందో తెలియకపోతే ‘పదం’ పట్టడం కుదరదు కదా! నాగరత్నమ్మ గారి విమర్శ పుట్టింది ఆ చదువులోంచే.

ఒకరోజు తంజావూరు కాలపు తెలుగు సాహిత్యం గురించిన పుస్తకమొకటి చదువుతుంటే, అందులో ‘రాధికాసాంత్వనము’ ప్రస్తావన కనిపించింది. మంచి కావ్యమని రాసి ఉంది. వెతగ్గా వెతగ్గా ఒక అచ్చు ప్రతి దొరికింది. బ్రౌన్ దొర దగ్గర పనిచేసిన పైడిపాటి వేంకటనరసు గారు 1887లో వేయించిన ప్రతి అది. తరవాత ఒక స్నేహితుల ద్వారా రాతప్రతి కూడా చేతికొచ్చింది. రెండూ పక్కపక్కన పెట్టి చూస్తే, అచ్చులో కొన్ని పద్యాలు లేవు. అంతకంటే విడ్డూరం, ముద్దుపళని తన గురించి, తన వంశం గురించి చెప్పుకున్న పీఠిక పద్యాలు లేవు.

ఏముంది ఆ పీఠికలో? ముద్దుపళని 18వ శతాబ్దంలో తంజావూరు ప్రతాపసింహుడి కొలువులో ఉన్న మనిషి. మగ కవులు తాతముత్తాతల్ని తలుచుకున్నట్టే ఆమె తన అమ్మమ్మ తంజనాయకి మొదలుగా ఇంటి ఆడవాళ్ళని తలుచుకుంది. పండితుల్ని సత్కరించిన స్త్రీ తనలా ఇంకెవరున్నారని, కావ్యాలు ఎవరికి అంకితమయ్యాయని నిలదీసినట్టు రాసుకుంది. ఆ పద్యాలు తీసేస్తే ఇక మిగిలేది ఎవరు రాశారో తెలియని ఒక శృంగార గ్రంథం. అది చిన్న కత్తిరింపేమీ కాదు.

ఇక కథ. నాలుగు ఆశ్వాసాలు, 584 పద్యాలు. రాధ కృష్ణుడికి వరసకి అత్త, వయసులో పెద్దది. ఇళ అనే పిల్లని తన చేతుల మీద పెంచింది. ఆ పిల్ల ఈడేరాక తనే దగ్గరుండి కృష్ణుడికిచ్చి పెళ్ళి చేసింది. పెళ్ళికూతురికి బుద్ధులు చెప్పింది, చిన్నపిల్ల, జాగ్రత్తగా చూసుకోమని కృష్ణుడికీ చెప్పింది. అంతా అయ్యాక, అప్పుడు, తట్టుకోలేకపోయింది. కృష్ణుడు కొత్త పెళ్ళాం ధ్యాసలో తనని మరిచాడని కుమిలింది, మండిపడింది, నిష్ఠూరాలాడింది. చివరికి కృష్ణుడు దిగొచ్చి బతిమాలుకుని ఊరడించడమే సాంత్వనం.

నేను ఎమ్మే తెలుగు చదివేటప్పుడు మా మాస్టారొకరు ఈ కావ్యం పేరు చెప్పి, గొంతు తగ్గించి, పేజీ తిప్పేశారు. ఆ తరవాత చాలా ఏళ్ళకి నేనే చదువుకున్నాను. వర్ణనలు కొన్నిచోట్ల సాగదీసినట్టే ఉంటాయి, ఆ కాలపు కావ్యాలన్నిటికీ ఉన్న జబ్బే అది. కానీ రాధ ఉందే, ఆమె దగ్గర ఆగిపోతాం. మన సవతుల కథల్లో ఒకరు మంచివాళ్ళు, ఒకరు చెడ్డవాళ్ళు. ఇక్కడ సవతి కూతురులాంటిది. తిట్టుకుందామంటే పెంచిన ప్రేమ అడ్డం. ఇష్టపడి చేసిన పెళ్ళి కాబట్టి ఎవరినీ నిందించే వీల్లేదు. వయసు మీదపడుతున్న ఆడదాని భయం, నన్ను ఇంకా కోరుకుంటున్నాడా అన్న అనుమానం ఇంత సూటిగా మన ప్రాచీన కావ్యాల్లో నాకు మరెక్కడా కనిపించలేదు. పైగా ఈ రాధ తనకేం కావాలో నోరు తెరిచి అడుగుతుంది. చాలామందికి గుచ్చుకున్నది అదే కాబోలు.

నాగరత్నమ్మ గారు ఈ కావ్యాన్ని ఎన్నిసార్లు చదివినా తనివి తీరలేదని రాసుకున్నారు. ఇంత రసవంతమైన కావ్యం ఒక స్త్రీ రాసింది, అందులోనూ తన కులంలో పుట్టిన స్త్రీ రాసింది గనక, దాన్ని ఉన్నదున్నట్టుగా లోకం ముందు పెట్టాలనుకున్నారు. 1910లో వావిళ్ళవారు దాన్ని అచ్చువేశారు. తీసేసిన పద్యాలూ పీఠికా మళ్ళీ చోటు చేసుకున్నాయి.

ఆవిడ రాసిన ముందుమాటే అసలు గొడవకి మూలం. అప్పటికే కందుకూరి వీరేశలింగం పంతులు గారు ‘ఆంధ్రకవుల చరిత్రము’లో ముద్దుపళని పాండిత్యాన్ని ఒప్పుకుంటూనే, ఆమె నడవడిని నిందించారు. స్త్రీలు వినడానికే తగని సంగతులు స్త్రీ నోట రావడమేమిటన్నది ఆయన అభ్యంతరం. నాగరత్నమ్మ గారు దీనికి జవాబు చెప్పారు. సిగ్గూ మర్యాదా ఆడవాళ్ళకేనా, మగవాళ్ళకి అక్కర్లేదా అని అడిగారు. వేశ్య గనక తప్పంటారా, అయితే పెద్దమనుషులు ఇలాంటివి రాయలేదా అన్నారు. దానికి సారంగు తమ్మయ రాసిన ‘వైజయంతీవిలాసము’ని ఉదాహరణగా చూపించారు. విప్రనారాయణుణ్ణి దేవదేవి అనే వేశ్య వశం చేసుకునే కథ అది. దాన్ని స్వయంగా చూసి, అచ్చుకి సరేనన్నది పంతులుగారే! ఆ కావ్యంలో లేని బూతు ఇందులో ఏముందన్నది ఆవిడ ప్రశ్న.

పంతులుగారిని తక్కువ చెయ్యడం నా ఉద్దేశం కాదు. 1881లో రాజమండ్రిలో తొలి వితంతు వివాహం చేయించిన మనిషి ఆయన. ఆడపిల్లల చదువు కోసం ఆయన పడ్డ పాట్ల ఫలితం మనం అనుభవిస్తున్నాం. అయితే ఆయన ఉద్ధరించాలనుకున్న స్త్రీ ఇల్లాలు. భోగం మేళాల మీద ఆయన చేసిన యుద్ధంలో ఆ మేళాల్లోని ఆడవాళ్ళ చదువు, వాళ్ళ కవిత్వం కూడా శత్రువుల లెక్కలోకే వెళ్ళిపోయాయి. ఒక దేవదాసి ఆయన పుస్తకాన్ని చదివి, ఆయన మాటల్లోనే ఉన్న మెలిక పట్టుకుంటుందని అప్పట్లో ఎవరూ ఊహించి ఉండరు.

జవాబు మాత్రం సాహిత్యంలోంచి రాలేదు. పత్రికల్లో ఒక వేశ్య రాసింది, ఇంకొక వేశ్య దిద్దింది అన్న వెటకారాలు వచ్చాయి. ఫిర్యాదులు ప్రభుత్వం దాకా వెళ్ళాయి. 1911లో మద్రాసు పోలీసు కమిషనరు కన్నింగ్‌హామ్ ప్రతులన్నీ పట్టుకోమన్నాడు. పండితులు కొందరు విన్నపాలు చేసినా నిషేధం తప్పలేదు. 1927లో మళ్ళీ వావిళ్ళవారి మీద సోదాలు జరిగాయి.

నాగరత్నమ్మ గారు పుస్తకం పోయిందని కూర్చోలేదు. 1921లో గురువుగారి ఉత్తరం ద్వారా తిరువయ్యారులో త్యాగరాజస్వామి సమాధి శిథిలమైపోతోందని తెలిసింది. తన సొమ్ము పెట్టి అక్కడ స్థలం సంపాదించి, గుడి కట్టించారు. తీరా ఆరాధనోత్సవాలు చూస్తే, నడుపుతున్న రెండు పక్షాలూ ఆడవాళ్ళని పాడనివ్వవు. గుడి కట్టించింది ఆడమనిషి, పాడకూడనిదీ ఆడమనిషే! 1927లో ఆవిడ ఆడవాళ్ళనే కూడగట్టి, విడిగా ఆరాధన మొదలుపెట్టారు. పక్షాలన్నీ కలిసిపోయి, ఆడా మగా ఒకే చోట పాడటానికి 1940 దాకా పట్టింది. ఇప్పుడు టీవీలో పంచరత్న కీర్తనలు చూస్తున్నప్పుడు, ఆ ఆడవాళ్ళ వరస ఎంత ఆలస్యంగా వచ్చిందో అనుకుంటూ ఉంటాను.

ఆవిడతో నాకు పేచీ ఉన్న చోటు ఒకటుంది. దేవదాసీ పద్ధతిని రద్దు చెయ్యాలని ముత్తులక్ష్మీ రెడ్డి గారు పోరాడుతున్నప్పుడు నాగరత్నమ్మ గారు దేవదాసీల సంఘం తరఫున ఎదురు నిలిచారు. తమ కళనీ ఆస్తిహక్కునీ వ్యభిచారంతో కలిపి చూడొద్దన్నారు. అందులో న్యాయముంది. కానీ ఊహ తెలియని ఆడపిల్లని దేవుడి పేరున కట్టబెట్టేస్తే, ఆ పిల్లకి అడిగే నోరు ఎక్కడుంటుంది? అక్కడ మాత్రం నా మనసు ముత్తులక్ష్మి గారి వైపే మొగ్గుతుంది.

విచిత్రంగా రెండు తీర్పులూ ఒకే ఏడాది వచ్చాయి. 1947లో ప్రకాశం పంతులుగారి ప్రభుత్వం ‘రాధికాసాంత్వనము’ మీద నిషేధం ఎత్తేసింది. అదే ఏడాది అక్టోబరులో మద్రాసు రాష్ట్రంలో దేవదాసీ నిషేధ చట్టం వచ్చింది. ముద్దుపళని పుస్తకానికి స్వేచ్ఛ వచ్చేసరికి, ఆమె పుట్టిన కులవృత్తి నేరమైంది.

చివరి రోజులు నాగరత్నమ్మ గారు తిరువయ్యారులోనే గడిపారు. 1949లో వీలునామా రాసి ఆస్తిని త్యాగరాజస్వామి సేవకి ఇస్తూ, అక్కడ ఆడవాళ్ళు పూజ చెయ్యడానికి, పాడటానికి ఎవరూ అడ్డు చెప్పకూడదన్న షరతు పెట్టారు. 1952 మే 19న కన్నుమూశారు. వావిళ్ళవారు ‘రాధికాసాంత్వనము’ మళ్ళీ అచ్చువేసింది కూడా ఆ సంవత్సరమే.