పడమటి సీమ న్యాయవాది

అబ్రహాం లింకన్ పేరు చెప్పగనే బానిసత్వమును రూపుమాపిన అమెరికా అధ్యక్షుడు మన కన్నులయెదుట నిలుచును. కాని ఆయన అధ్యక్ష పదవియందుండినది నాలుగేండ్ల చిల్లర మాత్రమే. అంతకుముందు సుమారు ఇరువదినాలుగేండ్లు ఆయన ఇల్లినాయ్ రాష్ట్రమున న్యాయవాది. అందు తొలినాళ్లలో ఆ రాష్ట్ర శాసనసభ్యుడు కూడను. ఆ మహనీయుని వ్యక్తిత్వము రూపుదిద్దుకొన్నది ఆ పల్లెటూరి కచ్చేరీలలోనే.

1809 ఫిబ్రవరి 12వ తేదీన కెంటకీ రాష్ట్రమున, కొయ్యదుంగలతో కట్టిన గుడిసెలో లింకన్ జన్మించెను. తండ్రి రైతు, వడ్రంగి. తొమ్మిదేండ్ల ప్రాయముననే తల్లి గతించెను. బడిలో చదివిన దినములన్నియు కూడినను ఒక సంవత్సరము కాదు. 1831లో ఆయన ఇల్లినాయ్ లోని న్యూసేలం గ్రామమునకు చేరెను. అడవులు కొట్టి, కొత్తగా ఊళ్లు కట్టుకొనుచున్న సీమ అది. అచట వేరొకనితో కలసి పెట్టిన దుకాణము మూతపడెను. భాగస్వామి మరణింపగా, ఆతని వంతు అప్పును గూడ లింకనే తలకెత్తుకొని, ఏండ్లతరబడి తీర్చెను. తపాలా ఉద్యోగము చేసియు, భూములు కొలిచియు పొట్టపోసుకొనెను.

1832లో శాసనసభకు పోటీచేసి ఓడిపోయెను. అయినను తన యూరివారు వేసిన 300 ఓట్లలో 277 ఆయనకే వచ్చెను. 1834లో గెలిచి, వరుసగా నాలుగు పర్యాయములు సభ్యుడయ్యెను. తోటి సభ్యుడగు జాన్ స్టూఅర్ట్ ఎరువిచ్చిన గ్రంథములను గురువు లేకయే చదివి, 1836లో న్యాయవాది పట్టా పొందెను. మరుసటి సంవత్సరము స్ప్రింగ్‌ఫీల్డ్ పట్టణమున స్టూఅర్ట్‌తో కలసి వృత్తి ప్రారంభించెను.

శాసనసభలో ఆయన చేసినవన్నియు ఒప్పులు కావు. 1837లో రైలుమార్గములకును కాలువలకును కోటి డాలర్ల ప్రణాళికను ఉత్సాహముతో బలపరచెను. ఆ యేడే దేశమున ఆర్థిక సంక్షోభము వచ్చిపడగా, పనులు నిలిచిపోయి రాష్ట్రము అప్పుల ఊబిలో దిగబడెను. కాని ఆ సంవత్సరముననే మరియొక సంగతి జరిగెను. బానిసత్వ నిర్మూలన సంఘములను ఖండించుచు, బానిసలపై దక్షిణ రాష్ట్రములవారి హక్కు పవిత్రమనుచు సభలో తీర్మానము వచ్చెను. అనుకూలముగా 77 ఓట్లు, ప్రతికూలముగా 6 ఓట్లు. ఆ ఆరింటిలో లింకన్ ఓటొకటి. మార్చి 3వ తేదీన డాన్ స్టోన్ అను సభ్యునితో కలసి, బానిసత్వము అన్యాయమనియు, చెడు రాజనీతి అనియు లిఖితపూర్వకముగా అసమ్మతి తెలిపెను. నిర్మూలనవాదుల ప్రచారము వలన కీడు పెరుగుననియు అందే వ్రాసెను. అప్పటికాయన ధైర్యమునకు గల మేర అది. ఇరువదెనిమిదేండ్ల యువకునకు, ఓట్లపై ఆధారపడిన వానికి అది స్వల్పము కాదు.

న్యాయవాదిగా ఆయన ఏటేట వసంతమునందును శరదృతువునందును జిల్లా జిల్లాకు తిరుగుచుండెను. న్యాయాధిపతియు, వకీళ్లును కలసియే ప్రయాణము చేసి, ఒకే సత్రమున బసచేసెడివారు. అప్పుపత్రములు, పశువులు, పొలముల గట్లు, ఇవియే వ్యాజ్యములు. ఆయన చేపట్టిన వ్యవహారములు ఐదువేలకు పైబడినవి. వానిలో రెండు మిక్కిలి గమనింపదగినవి.

1841లో నాన్స్ అను నల్లజాతి యువతిని కొన్నందుకు వ్రాసియిచ్చిన ప్రామిసరీనోటుపై తగవు రాష్ట్ర సర్వోన్నత న్యాయస్థానమునకు వచ్చెను. నోటు వ్రాసిన వాని పక్షమున లింకన్ వాదించెను. ఇల్లినాయ్‌లో ప్రతి మనిషియు, రంగుతో నిమిత్తము లేక, స్వతంత్రుడనియే భావింపవలెననియు, స్వతంత్రుని అమ్ముట చెల్లదనియు న్యాయస్థానము తీర్పుచెప్పెను. నాన్స్ బానిస కాదని తేలెను.

ఆరేండ్లకు, 1847లో, కెంటకీనుండి తన బానిసలను ఇల్లినాయ్ పొలమునకు తెచ్చిన మాట్సన్ అను భూస్వామి, పారిపోయిన జేన్ బ్రయంట్ అను స్త్రీని, ఆమె నలుగురు బిడ్డలను తిరిగి యిప్పింపుమని వ్యాజ్యమాడెను. ఈసారి లింకన్ నిలిచినది భూస్వామి పక్షమున! వారు తాత్కాలికముగా వచ్చిన పనివారేగాని ఇచట స్థిరపడినవారు కారని వాదించెను. న్యాయస్థానము అంగీకరింపలేదు. తల్లియు బిడ్డలును విముక్తులైరి, లింకన్ ఓడెను. వృత్తిధర్మమని ఎంత సమర్థించినను, ఈ మచ్చ చెరగునది కాదు.

ఈ రెండు వ్యాజ్యములను పక్కపక్కన పెట్టి చూచిన, ఒక సత్యము గోచరించును. చట్టమున సందున్నంతకాలము మానవుని స్వేచ్ఛ వకీలు నేర్పుపైనను, న్యాయాధిపతి మనస్సుపైనను ఆధారపడి యుండును. ఆ సందును పూడ్చుటకు చట్టమునే మార్పవలెను.

1854లో కొత్త భూభాగములలో బానిసత్వమునకు త్రోవతీసిన కాన్సాస్-నెబ్రాస్కా చట్టము లింకన్‌ను మరల రాజకీయములలోనికి లాగెను. సెనేట్ పదవికై రెండుమార్లు యత్నించి విఫలుడై, 1860లో అధ్యక్షుడుగా ఎన్నికయ్యెను. అంతర్యుద్ధము నడుమ, 1863 జనవరి 1వ తేదీన, తిరుగుబాటు ప్రాంతముల బానిసలకు విముక్తి ప్రకటించెను. అది యుద్ధకాలపు ఆజ్ఞ; శాంతికాలమున న్యాయస్థానములలో నిలుచునో లేదో అను శంక ఆ పాత వకీలును విడువలేదు. అందుచేతనే రాజ్యాంగ సవరణకు పట్టుపట్టెను. 1865 జనవరి 31వ తేదీన ప్రతినిధుల సభ దానిని ఆమోదించెను.

మరునాడే దానిని ధ్రువపరచిన మొదటి రాష్ట్రము ఇల్లినాయ్. ఇరువదెనిమిదేండ్ల క్రిందట ఆరుగురు మాత్రమే కాదన్న శాసనసభ అదియే. ఏప్రిల్ 15వ తేదీన హంతకుని తుపాకి దెబ్బకు లింకన్ అసువులు బాసెను. డిసెంబరు 6వ తేదీన సవరణ రాజ్యాంగమున చేరినది. ఆ దినము మొదలు జేన్ బ్రయంట్ వంటి తల్లిని తిరిగి యిప్పింపుమని అడుగుటకు ఏ భూస్వామికిని హక్కు లేకపోయెను. అట్టి వాదమును వినిపించుటకు ఏ వకీలునకును చోటు మిగులలేదు.