దేవుని మాన్యమునకు లెక్కలడిగిన పానగల్లు రాజా

ఆంధ్రదేశమున దేవుని మాన్యము లేని గ్రామము అరుదు. నిత్యదీపమునకు, నైవేద్యమునకు, ఉత్సవములకు, అర్చకుల జీవనమునకు రాజులును, జమీందారులును, సామాన్య గృహస్థులును భూములను ధారవోసిరి. సూర్యచంద్రులున్నంతకాలము ఆ ధర్మము నిలువవలెనని శిలలపై చెక్కించిరి. కాని ఆ భూమికి యజమాని యెవరు? దేవుడు దుక్కి దున్నడు, కౌలు వసూలు చేయడు, న్యాయస్థానమునకు రాడు. ఆయన పక్షమున ఈ పనులు చేయువాడు ధర్మకర్తయో, మఠాధిపతియో, అర్చకుడో. అట్టివాడు తానే యజమానినని తలంచినచో అడుగువారెవరు? ఈ ప్రశ్నకు శాసనరూపమున సమాధానము చెప్పబూనిన మంత్రి పానగల్లు రాజా.

ఆయన అసలు పేరు పానగంటి రామరాయణింగారు. 1866వ సంవత్సరము జూలై 9వ తేదీన శ్రీకాళహస్తిలో, వెలమ జమీందారీ కుటుంబమున జన్మించిరి. మద్రాసు ప్రెసిడెన్సీ కళాశాలలో సంస్కృతము చదివి పట్టభద్రులై, పిమ్మట ఎం.ఏ. పట్టమును పొందిరి. 1912 మొదలు 1915 వరకు దక్షిణదేశపు భూస్వాముల ప్రతినిధిగ కేంద్ర శాసనసభలో కూర్చుండిరి. అనంతరము జస్టిస్ పక్షమున చేరిరి. 1920లో మద్రాసు రాజధానిలో ఏర్పడిన తొలి మంత్రివర్గమున స్థానిక స్వపరిపాలన శాఖను వహించిరి. ముఖ్యమంత్రి సుబ్బరాయలు రెడ్డియారు అనారోగ్యమువలన తప్పుకొనగా, 1921 జూలైలో ఆ పదవి వీరికి వచ్చెను.

ఆనాటికి దేవాలయ భూముల వ్యవహారము చిక్కుముడిగా నుండెను. 1817వ సంవత్సరపు ఏడవ రెగ్యులేషను ఆలయముల ధర్మాదాయములను రెవెన్యూ బోర్డు పర్యవేక్షణ క్రిందికి తెచ్చెను. క్రైస్తవ ప్రభుత్వము హిందూ దేవాలయములను నిర్వహించుట తగదని మిషనరీలు ఆక్షేపింపగా, కంపెనీవారు క్రమముగ తొలగిపోయిరి. 1843లో తిరుమల ఆలయ నిర్వహణ హాథీరాంజీ మఠపు మహంతులకు అప్పగింపబడెను. 1863 నాటి చట్టము తక్కిన ఆలయములను స్థానిక సంఘములకు వదలిపెట్టెను. ఆ సంఘములకు బాధ్యతయే గాని తగిన అధికారము లేదు. అన్యాయము జరిగినదని తోచిన భక్తుడు తన సొమ్ము వెచ్చించి సివిలు దావా వేయవలసినదే.

శిస్తు విషయము మరియొక చిక్కు. 1858లో నియమింపబడిన ఇనాం కమిషను మాన్యముల హక్కులను పరిశీలించి, దేవాలయ సేవ జరుగుచున్నంతకాలము వాని ఇనాములను స్థిరపరచెను. అయినను తగవులు తీరలేదు. దాత యిచ్చినది భూమియా, లేక దానిపై ప్రభుత్వమునకు రావలసిన శిస్తు మాత్రమేనా? ఈ భేదముపై రైతునకు, ఇనాందారునకు తరతరములు వ్యాజ్యములు నడచెను. మఠాధిపతులు వ్రాసియిచ్చిన శాశ్వత కౌళ్లపై వేరొక వివాదము. అవసరము లేక మఠాధిపతి అట్టి కౌలు నిచ్చినచో అది ఆయన అధికారకాలమునకు మించి చెల్లదని 1921లో ప్రీవీ కౌన్సిలు తీర్పు చెప్పెను. కాని తీర్పు ఒక వ్యాజ్యమును పరిష్కరించును. వేలకొలది ఆలయములకు నిత్యపర్యవేక్షణ కావలెను.

ఆ లోటు తీర్చుటకే 1922లో పానగల్లు రాజా హిందూ ధర్మాదాయముల బిల్లును ప్రవేశపెట్టిరి. ఆలయములు లెక్కలు వ్రాయవలెను. ఆ లెక్కలను తనిఖీ చేయవలెను. పర్యవేక్షణకు బోర్డు ఉండవలెను. ఆ బోర్డు వ్యయమునకు ఆలయములు తమ ఆదాయమునుండి కొంత చెల్లింపవలెను. మఠాధిపతులును, అనేక ధర్మకర్తలును దీనిని తీవ్రముగ ప్రతిఘటించిరి. ప్రభుత్వము దేవుని సొత్తుపై చేయివేయుచున్నదని కొందరును, ఇది బ్రాహ్మణేతర పక్షపు పగయని మరికొందరును వాదించిరి. ఎన్నో తర్జనభర్జనల పిమ్మట అది 1925లో మొదటి చట్టముగ వెలువడెను. బోర్డునకు తొలి అధ్యక్షులైనవారు హైకోర్టు న్యాయమూర్తిగ పనిచేసిన సర్ టి. సదాశివయ్యరు. చట్టము చెల్లుబాటును గూర్చి ప్రశ్నలు లేవగా, 1927లో దానిని రెండవ చట్టముగ మరల శాసించిరి. అప్పటికి పానగల్లు రాజా పదవిలో లేరు.

ఆయన పాలనలో ఇతర కార్యములును జరిగెను. దేశీయ వైద్య విద్యాలయము నెలకొన్నది. ఆంధ్ర విశ్వవిద్యాలయ శాసనము ఆయన కాలముననే వచ్చెను. 1923లో ఆయనపై అవిశ్వాస తీర్మానమును ప్రతిపాదించి ఓడిన కట్టమంచి రామలింగారెడ్డిగారే 1926లో ఆ విశ్వవిద్యాలయమునకు ప్రథమోపాధ్యక్షులైరి. ఆ యేడే ఎన్నికలలో జస్టిస్ పక్షము పరాజయము పొందెను. 1928 డిసెంబరు 16వ తేదీన పానగల్లు రాజా పరమపదించిరి.

ఆయన లేవనెత్తిన వివాదము ఆయనతో ముగియలేదు. 1951లో మద్రాసు ప్రభుత్వము మరింత బలమైన చట్టమును చేసెను. శిరూరు మఠపు వ్యాజ్యమున 1954లో సుప్రీంకోర్టు దానిలోని కొన్ని భాగములను కొట్టివేసెను. ఆలయములు చెల్లించు సొమ్ము తమకు జరుగు సేవకు ప్రతిఫలముగ నుండిన రుసుము. ఖజానాలో కలిసిపోయి సేవతో సంబంధము లేకున్న అది పన్ను. అట్టి పన్ను విధించు అధికారము రాష్ట్రమునకు లేదు. ఇది ఆ తీర్పు సారాంశము. ఆంధ్రప్రదేశమున 1966లో ఒక చట్టమును, 1987లో మరియొకటియు వచ్చెను. సవరణలతో ఆ 1987 చట్టమే రెండు తెలుగు రాష్ట్రములందు నేటికిని ఆధారముగ నున్నది.

దేవుని భూమికి దేవుడే యజమాని యనుటలో ఎవరికిని విప్రతిపత్తి లేదు. ఆ భూమిని అనుభవించువాడు లెక్క చెప్పవలెనని పానగల్లు రాజా శాసించిరి. లెక్క అడుగు ప్రభుత్వమును హద్దు మీరరాదని న్యాయస్థానము నిర్ణయించెను. ఈ రెండును కలిసిననే దాత ధారవోసిన నీటికి సార్థకత.