మీజాన్ ఎడిటర్ కుర్చీలో భీమవరం ఆర్టిస్టు

సినిమాలో కోట ఎలా ఉండాలి, దర్బారు స్తంభాల మీద చెక్కడం ఎలా ఉండాలి, రాణిగారి మెడలో ఏ హారం వెయ్యాలి, ఇవన్నీ చూసుకునేది ఆర్ట్ డైరెక్టర్. తెలుగు టాకీల తొలి రోజుల్లో ఈ పని చేసినవాళ్లలో మన గోదావరి మనిషి ఒకరున్నారు. అడివి బాపిరాజు. నవలా రచయితగానే ఎక్కువమందికి తెలుసు. ఉర్దూ, తెలుగు రెండూ వినిపించే ఇళ్లలో ఆయన్ని తలుచుకోవడానికి ఇంకో కారణం కూడా ఉంది.

1895లో భీమవరం ప్రాంతంలో పుట్టారు. రాజమండ్రి ఆర్ట్స్ కాలేజీలో చదివేటప్పుడు అక్కడ ప్రిన్సిపాల్ ఆస్వాల్డ్ కూల్డ్రే అనే ఇంగ్లీషు దొర. బొమ్మలేసే చెయ్యి ఏ కుర్రాడికుందో కనిపెట్టి చేరదీసేవారు. దామెర్ల రామారావు కూడా ఆయన ప్రోత్సాహంతో పైకొచ్చినవారే. బాపిరాజు మద్రాసులో లా చదివారు గానీ నల్లకోటు మీద మనసు నిలవలేదు. సహాయ నిరాకరణ ఉద్యమంలో జైలుకెళ్లారు. బందరు జాతీయ కళాశాలలో ప్రమోద్ కుమార్ చటోపాధ్యాయ దగ్గర చిత్రకళ నేర్చుకుని, తర్వాత అక్కడే ప్రిన్సిపాల్ అయ్యారు.

1936లో అనసూయ, ధ్రువ విజయం, 1940లో మీరాబాయి సినిమాలకు కళాదర్శకత్వం చేశారు. అప్పటి మన సినిమా నాటకాల స్టేజీ మీంచి దిగొచ్చిందే. రంగుల తెర వేలాడదీస్తే అడవి, ఇంకో తెర వేస్తే అంతఃపురం. అలాంటి చోటికి చదువుకున్న చిత్రకారుడు రావడం చిన్న సంగతి కాదు. అయితే సెట్టుకి ఆయుష్షు షూటింగ్ అయ్యేదాకానే. మేకులు పీకి, చెక్కలు విడదీసి ఇంకో సినిమాకి వాడేస్తారు. ఆయన కట్టిన కోటలు హిమబిందు, గోన గన్నారెడ్డి నవలల్లోనే మిగిలాయని నాకనిపిస్తుంది. వాటిలో బట్టలు, నగలు, భవనాలు బొమ్మ గీసినట్టే ఉంటాయి. రుద్రమదేవి సినిమాలో అల్లు అర్జున్ వేసిన గోన గన్నారెడ్డి గుర్తున్నాడా? ఆ పేరు తెలుగు పాఠకుల ఇళ్లలోకి బాగా చేరింది బాపిరాజు నవలతోనే.

ఇక ఆ రెండో కారణం. 1944లో ఆయన హైదరాబాద్ వెళ్లి మీజాన్ తెలుగు పత్రికకు ఎడిటర్ అయ్యారు. మీజాన్ అంటే త్రాసు, మన పిల్లలకీ తెలిసిన మాటే. గులాం మహమ్మద్ కలకత్తావాలా అనే వ్యాపారి ఈ పత్రికను ఉర్దూ, ఇంగ్లీషు, తెలుగు మూడు భాషల్లోనూ నడిపారు. నిజాం రాజ్యంలో కచేరీ భాష ఉర్దూ, తెలుగు పత్రికలు వేళ్ల మీద లెక్కపెట్టేవే. అలాంటి చోట ఒక ముస్లిం యజమాని తెలుగు పేజీలను జైలుకెళ్లొచ్చిన గోదావరి బ్రాహ్మణుడి చేతిలో పెట్టాడు. 1947 దాకా ఆయన ఆ కుర్చీలోనే ఉన్నారు. ఆ ఏళ్ల గురించి ఇప్పుడు ఎవరు మాట్లాడినా రజాకార్ల మాటే వస్తుంది. మీజాన్ మాట ఎత్తేవాళ్లు తక్కువ. నాకు ఇదే బాధ.

తర్వాత మళ్లీ కుంచె పట్టారు. 1951లో మద్రాసు ప్రభుత్వం కోరిక మీద, సింహళంలోని సిగిరియా కొండ గోడల మీదున్న పాత బొమ్మలకు నకళ్లు వేసి ఇచ్చారు. ఏడాది తిరిగేసరికి, 1952 సెప్టెంబరు 22న కన్నుమూశారు. అప్పటికి 57 ఏళ్లు నిండలేదు.