రెండు ఆటల రామస్వామి

మా ఇంటి దగ్గర పార్కులో శనివారం వచ్చిందంటే ఒక పక్క మనవాళ్ళ క్రికెట్టు, ఇంకో పక్క టెన్నిస్ కోర్టులో మా అబ్బాయి కోచింగూ. రెండింటి మధ్యా కుర్చీ వేసుకుని కూర్చోవడం నా డ్యూటీ. ఒకరోజు మావాడు చెమటలు తుడుచుకుంటూ వచ్చి, ఈ రెండు ఆటలూ ఇండియా తరఫున ఆడినవాళ్ళు ఎవరైనా ఉన్నారా అని అడిగాడు. తెలుగువాడి అలవాటు కొద్దీ సి.కె. నాయుడు పేరు చెప్పేశాను. అది తప్పని ఆ రాత్రే తెలిసింది. అయితే అసలు జవాబు కూడా మన తెలుగు కుటుంబంలోనే ఉంది! ఆయన పేరు కోటా రామస్వామి. నా వయసువాళ్ళలో కూడా ఈ పేరు విన్నవాళ్ళు తక్కువే. అందుకే ఈ నాలుగు ముక్కలు.

ఆయన గురించి చెప్పాలంటే ముందు తండ్రి గురించి చెప్పాలి. మద్రాసు మైలాపూరులోని లజ్ ప్రాంతంలో ఉండే బుచ్చిబాబు నాయుడు గారు కలిగినవారు. దుబాసీల కుటుంబం. ఆ రోజుల్లో చేపాక్ మైదానంలోని మద్రాసు క్రికెట్ క్లబ్ తెల్లవాళ్ళది. మనవాళ్ళు అక్కడికి మ్యాచ్ ఆడటానికి వెళ్ళినా పెవిలియన్‌లోకి రానిచ్చేవారు కాదు, మధ్యాహ్నం భోజనం చెట్ల కిందే. ఇది చూసి బుచ్చిబాబు గారు ఊరికే బాధపడి కూర్చోలేదు. 1888లో మద్రాస్ యునైటెడ్ క్లబ్ పెట్టి, కుర్రాళ్ళను చేరదీసి, బ్యాట్ల దగ్గర నుంచి బట్టల దాకా సొంత డబ్బు ఖర్చుపెట్టి ఆట నేర్పించారు. తెల్లవాళ్ళ జట్టుకూ మనవాళ్ళ జట్టుకూ మధ్య సమానంగా ఒక పెద్ద మ్యాచ్ జరగాలని ఆయన కోరిక. 1908 డిసెంబరుకి అన్నీ కుదిరాయి. తీరా మ్యాచ్ ఇంకా కొద్దిరోజులుందనగా ఆయన కన్నుమూశారు. నలభై ఏళ్ళ వయసు.

అప్పటికి రామస్వామికి పన్నెండేళ్ళు. 1896 జూన్ 16న పుట్టిన ఈ కుర్రాడు తల్లి తరపు కోటా వారికి దత్తు వెళ్ళాడు, అందుకే అన్నదమ్ముల ఇంటిపేరు వేరు. అన్న బాలయ్య కూడా గొప్ప ఆటగాడే. తండ్రి కలగన్న ఆ ప్రెసిడెన్సీ మ్యాచ్‌లు తర్వాత కొన్నేళ్ళకి క్రమంగా మొదలయ్యాయి. సంక్రాంతి పండక్కి జరిగేవి కాబట్టి జనానికి పొంగల్ మ్యాచ్‌లుగానే గుర్తు. అందులో మనవాళ్ళ తరఫున బాలయ్య, రామస్వామి ఆడారు. ఏ మైదానంలో తండ్రి చెట్టు కింద అన్నం తిన్నారో, అదే మైదానంలో కొడుకులు! ఈ విషయం చదివినప్పుడు కాసేపు పుస్తకం మూసేసి కూర్చున్నాను.

మద్రాసులో చదువయ్యాక కేంబ్రిడ్జ్ వెళ్ళారు. అక్కడ ఆయనకి పేరు తెచ్చింది క్రికెట్టు కాదు, టెన్నిస్. 1922లో డేవిస్ కప్‌కి ఇండియా జట్టులో ఎంపికయ్యారు. మన దేశం ఆ పోటీలోకి అడుగుపెట్టింది అంతకు ముందు ఏడాదే. డాక్టర్ ఫైజీతో జతగా డబుల్స్ ఆడారు. ఇండియా రుమేనియాను గెలిచి స్పెయిన్ చేతిలో ఓడింది. అదే ఏడాది వింబుల్డన్‌లో కూడా ఆడారు. ఇప్పుడు మనం టీవీలో చూసే చర్చ్ రోడ్ మైదానానికి పోటీలు మారిన మొదటి సంవత్సరం అది.

తిరిగొచ్చి వ్యవసాయ శాఖలో ఉద్యోగం. ఉద్యోగం చేసుకుంటూ, సెలవు దొరికినప్పుడు క్రికెట్టు. ఎడమచేతి బ్యాటింగు, బంతిని గట్టిగా బాదే రకం. కానీ ఏం లాభం? ఇండియా మొదటి టెస్టు ఆడింది 1932లో. అప్పటికి ఈయనకి 36 ఏళ్ళు. చాలామంది బ్యాటు అటక మీద పెట్టేసే వయసు.

1936లో విజయనగరం మహారాజ్‌కుమార్, అంటే మన విజ్జీ, కెప్టెన్‌గా జట్టు ఇంగ్లండ్ వెళ్ళింది. ఆ జట్టులో లేని గొడవ లేదు. మంచి ఫామ్‌లో ఉన్న లాలా అమర్‌నాథ్‌ని మధ్యలో ఇంటికి పంపేశారు. రామస్వామి లాగే రెండు ఆటల మనిషి, మద్రాసువాడే అయిన ఎం.జె. గోపాలన్ బెర్లిన్ ఒలింపిక్స్ హాకీని వదులుకుని ఈ జట్టుతో వెళితే, ఆయనకి ఒక్క టెస్టులోనూ చోటు దక్కలేదు. అటు హాకీ జట్టేమో బంగారు పతకంతో తిరిగొచ్చింది. పాపం.

రామస్వామికి మాత్రం జూలైలో మాంచెస్టర్‌లో పిలుపొచ్చింది. నలభై నిండి నెల దాటిన మనిషి తొలి టెస్టు ఆడుతున్నాడు! మన దేశం తరఫున అంతకంటే పెద్ద వయసులో మొదటి టెస్టు ఆడింది జంషెడ్జీ ఒక్కరే. ఆ మ్యాచ్ అనగానే అందరూ మర్చంట్, ముస్తాక్ అలీ మొదటి వికెట్‌కి చేసిన 203 పరుగులే చెబుతారు. చెప్పాల్సిందే, ఓడిపోవాల్సిన మ్యాచ్‌ని నిలబెట్టారు. కానీ అదే మ్యాచ్‌లో రామస్వామి 40, 60 చేశారు. తర్వాత ఓవల్‌లో 29, నాటౌట్‌గా 41. ఓవల్‌లో మనం ఓడిపోయాం. రెండు టెస్టుల్లో కలిపి 170 పరుగులు, సగటు 56.66. అంతే, మళ్ళీ టెస్టు ఆడలేదు. పదేళ్ళ ముందు మనకి టెస్టులు ఉండి ఉంటే ఈయన లెక్క ఎక్కడ ఆగేదో అని మనసు పీకుతుంది.

ఆ తర్వాత సెలెక్టర్‌గా పనిచేశారు. 1952–53లో హజారే జట్టు మొట్టమొదటిసారి వెస్టిండీస్ వెళ్ళినప్పుడు మేనేజర్ ఆయనే. ఆత్మకథ కూడా రాశారు, దాని పేరు ‘ర్యాంబ్లింగ్స్ ఆఫ్ ఎ గేమ్స్ అడిక్ట్’. ఆటల పిచ్చివాడినని తనకు తానే పేరు పెట్టుకున్నారన్నమాట!

ఇక చివరి సంగతి. 1985 అక్టోబర్ 15న, 89 ఏళ్ళ వయసులో, మద్రాసులో ఇంట్లోంచి బయటికి వెళ్ళారు. తిరిగి రాలేదు. ఎక్కడికి వెళ్ళారో, ఏమయ్యారో ఇంట్లోవాళ్ళకీ తెలియలేదు. క్రికెట్ రికార్డుల్లో కొన్నిచోట్ల 1990 జనవరి అని రాశారు, కొన్నిచోట్ల మరణించి ఉండవచ్చు అని మాత్రమే ఉంటుంది.

ఇదంతా మా అబ్బాయికి చెప్పాను. డేవిస్ కప్ దగ్గర కళ్ళు పెద్దవి చేశాడు, మాంచెస్టర్ దగ్గర చప్పట్లు కొట్టాడు. చివరికి వచ్చేసరికి, ఆయన్ని ఎవరూ వెతకలేదా నాన్నా అని అడిగాడు. వెతికే ఉంటార్రా అన్నాను. వాడు రాకెట్ తీసుకుని కోర్టులోకి వెళ్ళిపోయాడు.