లెక్కల మాస్టారు బాలగోపాల్

వార్షికోత్సవ సంచికకు ఒక ప్రముఖుని జీవితం రాయమన్నారు. గాంధీ, అంబేద్కర్, ఫూలేల గురించి ప్రతి ఏడూ ఎవరో ఒకరు రాస్తూనే ఉన్నారు. అందుకని నేను మన పాఠ్యపుస్తకాల్లో కనిపించని కె. బాలగోపాల్ గారి గురించి రాస్తున్నాను.

చేవెళ్ళలో అయినా, మొయినాబాద్‌లో అయినా పొద్దున్నే పేపరు తిప్పితే హత్య, కొట్లాట, కాల్పులు అనే వార్త లేని రోజు తక్కువ. చదివి పక్కన పడేస్తాం. బాలగోపాల్ అలా పడేయలేదు. బస్సెక్కి ఆ చోటికే వెళ్ళేవారు. ఎవరు చనిపోయారు, ఎవరు చంపారు, ఎందుకు చంపారు అని అడిగి తెలుసుకొని రాసేవారు. పాతికేళ్ళకు పైగా ఆయన చేసిన పని ఇదే.

ఆయన 1952 జూన్ 10న బళ్ళారిలో పుట్టారు. వరంగల్ రీజినల్ ఇంజనీరింగ్ కాలేజీలో గణితం చదివి, డాక్టరేట్ తెచ్చుకున్నారు. 1981లో కాకతీయ యూనివర్సిటీలో లెక్చరర్ అయ్యారు. లెక్కల్లో ప్రతి మెట్టుకూ రుజువు కావాలి కదా! హింస గురించి ఆయన రాసినవి కూడా అలాగే ఉంటాయి.

1983లో ఆంధ్రప్రదేశ్ పౌరహక్కుల సంఘానికి ప్రధాన కార్యదర్శి అయ్యారు. 1985 సెప్టెంబరులో వరంగల్‌లో ఒక ఎస్సై హత్య జరిగింది. మర్నాడే ఆ సంఘం నాయకుడు, పిల్లల డాక్టర్ రామనాథం గారిని ఆయన క్లినిక్‌లోనే కాల్చి చంపారు. బాలగోపాల్ మీద కూడా కేసు పెట్టి జైల్లో వేశారు. ఆ ఏడాదే ఆయన ఉద్యోగం వదిలేశారు. నెల జీతం వదులుకోవడం అంటే ఏమిటో మన ఇళ్ళల్లో అందరికీ తెలుసు.

1985 జులై 17న కారంచేడులో ఆరుగురు మాదిగలను చంపారు. 1991 ఆగస్టు 6న చుండూరులో ఎనిమిది మంది దళితులను నరికి చంపారు. ఈ రెండింటి మీదా ఆయన ఎకనామిక్ అండ్ పొలిటికల్ వీక్లీలో రాశారు. 1987లో ఉత్తరప్రదేశ్‌లోని మీరట్ నగరం మత ఘర్షణలతో తగలబడింది. అక్కడి హాషింపురాలో సాయుధ పోలీసులే ముస్లిం యువకులను లారీలో ఎక్కించుకుపోయి కాల్చేశారు. నగరాన్ని కాపాడవలసినవాళ్ళే చంపితే ఎవరికి చెప్పుకోవాలి? మీరట్ మీద కూడా బాలగోపాల్ 1988లో వ్యాసం రాశారు. హాషింపురా కేసులో పోలీసులకు శిక్ష పడింది మాత్రం 2018లో, ఢిల్లీ హైకోర్టులో.

1990లో మండల్ రిజర్వేషన్లకు వ్యతిరేకంగా గొడవలు జరిగినప్పుడు ఆయన రిజర్వేషన్ల పక్షాన నిలిచారు. పుట్టింది బ్రాహ్మణ కుటుంబంలో. ఈ సంగతి తెలిసినప్పుడు నాకు ఆశ్చర్యం కలిగింది.

అందరికంటే ఎక్కువ కోపం తెప్పించిన పని ఇంకొకటి ఉంది. పోలీసుల ఎన్‌కౌంటర్లను ప్రశ్నించిన ఆయనే నక్సలైట్లు చేసిన హత్యలను కూడా ప్రశ్నించారు. చాలామంది పాత స్నేహితులు దూరమయ్యారు. పౌరహక్కుల సంఘం నుంచి బయటికి వచ్చి, 1998లో మరికొందరితో కలిసి మానవ హక్కుల వేదిక పెట్టారు. నాకైతే జైలుకు పోవడం కన్నా ఇదే కష్టమైన పని అనిపిస్తుంది.

నడివయసులో లా చదివి, హైకోర్టులో పేదల కేసులు వాదించారు. ఎన్‌కౌంటర్‌లో మనిషి చనిపోతే పోలీసుల మీద కేసు నమోదు చేయాల్సిందేనని 2009 ఫిబ్రవరి 6న ఐదుగురు జడ్జీల బెంచ్ తీర్పు చెప్పింది. సుప్రీంకోర్టులో ఆ తీర్పు నిలవలేదు. అదే ఏడాది అక్టోబరు 8న హైదరాబాద్‌లో బాలగోపాల్ గుండెపోటుతో చనిపోయారు. అప్పటికి ఆయన వయసు 57 ఏళ్ళు.

మన హాస్టల్ బీరువాలో ఆయన పుస్తకం ఒక్కటీ లేదు. ఒకటైనా తెప్పించమని వార్డెన్ సార్‌ను అడిగాం.